పెదవులు కలవని మాట

సెప్టెంబర్ 29, ఆదివారం

అత్తయ్యతో ఇవాళ బాగా మాట్లాడాను. నవ్వాల్సిన చోట నవ్వు కూడా కుదిరింది. "వాడేడే రాజీ?" అంటే స్నానం చేస్తున్నాడన్నాను. పోయిన ఆదివారం కూడా స్నానమే చేయించాను. వచ్చే వారానికి ఇంకేదైనా పని వెతకాలి.

ఈశ్వర్ ఇప్పుడు వేరే ఊళ్ళో, గార్చింగ్‌లో ఉంటున్నాడని వాళ్ళమ్మకి చెప్పొద్దని తనే మెసేజ్ పెట్టాడు. నాకూ అదే మంచిదనిపించింది. ప్రాజెక్ట్ అయిపోయాక తీరిగ్గా చెప్పొచ్చు.

అక్టోబర్ 1, మంగళవారం

ప్రాజెక్ట్ అని రాశాను కదా. నాకోసం నేను రాసుకునేదాంట్లో కూడా. సరే, ఒక్కసారి ఉన్నదున్నట్టు రాసేస్తే పీడా పోతుంది.

ఆగస్టు చివర్లో, చారన్నం తింటూ తింటూ, "కొన్నాళ్ళు విడిగా ఉండి చూద్దాం రాజీ" అన్నాడు ఈశ్వర్. గార్చింగ్‌లో ప్రాజెక్ట్ ఉన్నమాట నిజమే. తనే అడిగి వేయించుకున్నమాట కూడా నిజమే. నేను లేచి మజ్జిగ తెచ్చి పోశాను.

చూద్దాం అంటే ఇంకా తేల్చుకోలేదనేగా అర్థం. పెళ్ళిచూపుల్లో అమ్మాయి నచ్చకపోయినా మనవాళ్ళు "చూద్దామండీ" అనే లేచి వెళ్తారు, నాకు తెలియక కాదు. ఇది అలాంటిది కాదు. ఎందుకంటే స్టేషన్లో, రైలు తలుపులు మూసుకున్నాక, అద్దం వెనకనుంచి "వెళ్ళొస్తా" అన్నాడు. మనవైపు ఎవరూ గుమ్మం దాటేటప్పుడు వెళ్తానని అనరు, అపశకునం. అలవాటుకొద్దీ వచ్చే మాట అని ఎవరైనా అనొచ్చు. అనడం ఇష్టం లేనివాడు ఊరికే చెయ్యి ఊపొచ్చుగా. పనిగట్టుకుని చెప్పాడు.

రాసేశాను. ఇక ఈ విషయం వదిలేద్దాం.

అక్టోబర్ 2

ఫోన్ రాలేదు. మీటింగులు ఉండి ఉంటాయి.

అక్టోబర్ 5, శనివారం

పరువు పోయింది, కానీ రాసుకోవాలి.

కింద నేలమాళిగలో అందరూ బట్టలుతుక్కునే వాష్‌కెల్లర్‌లో బట్టలు వేసి, మెషిన్ తిరుగుతున్నంతసేపూ పాత డైలాగులు చెప్పుకుంటాను. ఈ ఇంట్లో ఆ గదికే మంచి రీసౌండ్ ఉంది. రోజులో నేను నోరు తెరిచేది అక్కడే, లేకపోతే గొంతు తుప్పు పడుతుంది. ఇవాళ పెళ్ళి పీటల మీద నుంచి లేచిపోయే హీరోయిన్ సీను మొత్తం చెప్పి, తండ్రి జవాబు కోసం ఆగి, వెనక్కి తిరిగి చూస్తే మూడో అంతస్తు ముసలాయన బట్టల బుట్టతో నిలబడి ఉన్నాడు.

ఆయనంటే బిల్డింగులో అందరికీ హడలు. ఎనభై దాటినా నిటారుగా నడుస్తాడు. కాగితాల చెత్తడబ్బాలో సీసా వేసినవాళ్ళని వరండాలో నిలబెట్టి కడిగేస్తాడు. నన్నూ కడుగుతాడనుకున్నా.

"మీరు నటి?" అని అడిగాడు.

నాకొచ్చిన జర్మన్‌లో "నేను నటిని కాదు. నేను గొంతుని" అన్నాను. డబ్బింగ్ ఆర్టిస్ట్ అని చెప్పడానికి మాట దొరక్క అలా వచ్చింది.

ఆయన బుట్ట కింద పెట్టి చాలాసేపు నవ్వాడు. "అయితే నేను మొహాన్ని" అన్నాడు.

తలుపు మీద పేరు బ్రీదిస్ అని ఉంటుంది. జర్మన్ అనుకుంటూ వచ్చాను. కాదట, లాట్వియా ఆయన. రేపు కాఫీకి రమ్మన్నాడు.

అక్టోబర్ 6, ఆదివారం

అత్తయ్యతో ఈశ్వర్ జిమ్‌కి వెళ్ళాడన్నాను. "వాడు జిమ్ముకా?" అంది. ఎక్కువైంది.

సాయంత్రం బ్రీదిస్ గారింటికి వెళ్ళాను. ఆయన జర్మన్ వింటే మొదట భయం వేస్తుంది, తర్వాత నవ్వొస్తుంది. సినిమాల కోసం నేర్చుకున్నాడట. "ఆగు, చేతులెత్తు, కాగితాలు చూపించు. ఈ మూడే బాగా వచ్చు" అన్నాడు. "కాగితాలు చూపించమని సినిమాల్లో అందరినీ అడిగాను. ఈ దేశంలో ఏ ఆఫీసుకి వెళ్ళినా ఇప్పుడు నన్నే అడుగుతున్నారు."

సోవియట్ రోజుల్లో రీగాలో నాటకాలాడేవాడు. మాస్కో స్టూడియోలవాళ్ళకి సినిమాలో విదేశీయుడు కావాలంటే బాల్టిక్ వైపునుంచి తెచ్చుకునేవారట, మనవాళ్ళు విలన్ని బొంబాయినుంచి తెచ్చుకున్నట్టు. పొడుగు, బంగారు రంగు జుట్టు, గడ్డం కింద గాటు. యుద్ధం సినిమాల్లో జర్మన్ ఆఫీసర్ వేషాలకి ఆయన్ని మించినవాడు లేడు. ప్రతి సినిమాలోనూ చచ్చిపోయాడు. వంతెన మీద, బంకర్లో, మంచులో. "నేను పోయినప్పుడల్లా హాల్లో చప్పట్లు. మా అమ్మ ఒక్కసారి వచ్చి, సగంలో లేచి వెళ్ళిపోయింది."

అన్నిట్లోనూ మొహం ఆయనది, గొంతు ఇంకొకరిది. ఆయన రష్యన్‌లో లాట్వియా యాస ఉండేదట, అందుకని మాస్కో ఆర్టిస్టు చేత చెప్పించేవారు. ఆ గొంతు మనిషిని ఒకేసారి కాంటీన్‌లో చూశాడు. పలకరించబోతే, "నీ దవడకి తొందరెక్కువయ్యా, నా ప్రాణం తీస్తున్నావు" అని సూప్ తాగడంలో పడ్డాడట.

నాకు ఆ గొంతు మనిషి మీదే జాలేసింది. నేనూ హైదరాబాదులో పదిహేనేళ్ళు బొంబాయి అమ్మాయిల దవడలతోనే కాపురం చేశాను. తెలుగు రాదు, మైక్ దూరంగా ఉంది కదా అని ఒకటి రెండు మూడు అని అంకెలు చదివేసేవాళ్ళు. ఆ అంకెల మీద నేను ప్రేమలు, శోకాలు కూర్చాలి. జనం "ఆ పిల్ల ఎంత బాగా మాట్లాడింది" అనేవాళ్ళు. నా మొహం మా స్టూడియో వాచ్‌మన్‌కి కూడా గుర్తుండేది కాదు.

సోవియట్ దేశం విడిపోయాక ఆయనకి వేషాలు లేవు. జర్మన్ ఆఫీసర్లు ఇక ఎవరికీ అక్కర్లేదు. భార్య పోయాక కూతురు ఈ దేశానికి తీసుకొచ్చింది, కానీ ఆ అమ్మాయి ఉండేది హాంబర్గ్‌లో. తెలిసిన ఊరని చెప్పి ఈయన్ని ఇక్కడే వదిలేసింది. ఎవరికి తెలిసిన ఊరో నేను అడగలేదు.

ఆ జర్మన్ ఆఫీసర్ యూనిఫాంలో ఉన్న ఫొటో ఒకటి బీరువా వెనక దాచాడు. పార్సెల్ తెచ్చిన అమ్మాయి చూసి హడలిపోయిందట.

అక్టోబర్ 9, బుధవారం

ఇప్పుడు అసలు సంగతి తెలిసింది, కాఫీ ఊరికే ఇవ్వలేదు మహానుభావుడు.

ఆయన ఒకే ఒక్క సినిమాలో హీరో. రీగా స్టూడియోలో, అరవైల్లో తీసింది. జాలరి వేషం. యూనిఫాం లేదు, చావు లేదు. సముద్రం హోరులో మాటలు వినపడవని గొంతులన్నీ తర్వాత రికార్డు చేశారు. అప్పటికి ఈయన మాస్కోలో మంచు మీద చస్తున్నాడు. రీగాలో ఆగలేక ఇంకెవరిచేతో చెప్పించేశారు. అదీ పోయింది. లాట్వియా భాషలో ఉన్న టేప్ పాడైపోయి, ఇప్పుడు బొమ్మ మాత్రం మిగిలింది, రష్యన్ డబ్బింగ్‌తో.

రీగానుంచి దాట్సె అనే అమ్మాయి ఆ సినిమాని బాగుచేస్తోంది. జాలరి మాటలు బ్రీదిస్ గారే చెప్పాలని ఆమె కోరిక. ముసలి గొంతు కుర్ర మొహం మీద బాగుండదని మిగతావాళ్ళు అంటున్నారట. కుదిరితే తన కథ తనే చెప్పుకుంటున్నట్టు ఉంటుందని ఆమె వాదించి, ఒక్క అవకాశం ఇప్పించింది. నవంబర్ 22న, ఈ ఊళ్ళోనే, ఏరెన్‌ఫెల్డ్‌లో ఒక స్టూడియోలో. ఆ రోజు పెదవులకి మాట అతక్కపోతే రీగాలో కుర్రాడొకడు సిద్ధంగా ఉన్నాడు.

"జీవితమంతా ఇంకొకరు నా నోటికి మాట్లాడారు. నాకు ఎలా చెయ్యాలో తెలియదు" అన్నాడు. కాఫీ కప్పు నా వైపు జరిపాడు. "మీకు తెలుసు."

భాష రాదన్నాను.

"మీ హీరోయిన్లకి వచ్చా?" అన్నాడు.

అక్టోబర్ 16, బుధవారం

పాఠాలు మొదలై వారం. దాట్సె బొమ్మ పంపింది, శబ్దం లేకుండా. డైలాగులు కాగితం మీద విడిగా. ఆయన చదువుతుంటే తెలుగులో రాసుకుని బట్టీ పట్టేశాను.

మొదట చెప్పింది ఇదే: మాట కాదు, ఊపిరి పట్టుకోండి. తెర మీద మనిషి గుండె ఎప్పుడు లేస్తుందో చూసి మీరూ అప్పుడే పీల్చండి, మాట దానంతటదే సమయానికి వస్తుంది. రెండోది పెదవులు. ప, బ, మ దగ్గర పెదవులు కలుస్తాయి. అక్కడ దొరికిపోతాం. మిగతా అక్షరాలు ఎలాగోలా సర్దుకోవచ్చు. తెలుగైనా లాట్వియన్ అయినా మనిషి నోరు మనిషి నోరే.

ఆయన గొంతు తెరిస్తే ఆఫీసరే వస్తున్నాడు. "ఆయన జాలరండీ. వలని ఎవరైనా అలా గద్దిస్తారా?" అన్నాను. కోపం వచ్చింది, తర్వాత మళ్ళీ చెప్పాడు. మాట ఎక్కడ ఎత్తుకోవాలో చెంచాతో బల్ల మీద కొట్టి క్యూ ఇస్తున్నాను. ఎన్నాళ్ళకో ఆకలేసి అన్నం తిన్నాను.

అక్టోబర్ 19

ఈశ్వర్ ఫోన్ చేశాడు. కరెంటు వాళ్ళ ఉత్తరం ఏదన్నా వచ్చిందా అని. ఉత్సాహంగా మాట్లాడాను. బ్రీదిస్ గారి సంగతి చెబుతుంటే మధ్యలో, "రాజీ, ఇప్పుడు నువ్వు నిజంగా హ్యాపీగా ఉన్నావా, లేక డబ్బింగా?" అన్నాడు.

ఇదొక మాట పట్టుకున్నాడు. గార్చింగ్ వెళ్ళేముందు కూడా అదే. "నువ్వు కోప్పడినా, ఏడ్చినా, సారీ చెప్పినా ఎక్కడో విన్నట్టుంటుంది. నాతో నువ్వు ఎప్పుడు మాట్లాడావో నాకు తెలీదు" అన్నాడు. గొంతు చూసి పెళ్ళి చేసుకున్నది ఎవరు? అప్పుడు తియ్యగా ఉన్నది ఇప్పుడు చేదైంది.

అదీగాక, తనని నొప్పించకుండా మాట్లాడితే తప్పా. నోరు మంచిదైతే ఊరు మంచిది అని మా నాన్న అనేవాడు.

అక్టోబర్ 27, ఆదివారం

గడియారం గంట వెనక్కి తిప్పారు. చీకటి ఇంకా ముందే పడుతోంది. అత్తయ్యతో ఈశ్వర్ నిద్రపోతున్నాడన్నాను.

నవంబర్ 2, శనివారం

సంయుక్త వాళ్ళింట్లో దీపావళి. తెలుగువాళ్ళందరం తలో వంట తెచ్చుకున్నాం. నేను పులిహోర.

"అన్న ఎప్పుడొస్తడు రాజక్కా? ఇంగ ఎన్ని రోజులు ఆ ప్రాజెక్టు?" అంది సంయుక్త.

"క్రిస్మస్‌కి ఇక్కడే" అన్నాను. ఎక్కడినుంచి వచ్చిందో ఆ క్రిస్మస్. అందరూ నమ్మారు. నేనూ కాసేపు నమ్మాను. దిండు గలీబులు మార్చాలి అనుకున్నా కూడా.

వాళ్ళమ్మాయి ఈషాని పిలిచి "ఆంటీకి హ్యాపీ దివాళీ చెప్పవే" అంటే "హాబ్ ఇష్ షోన్" అని పారిపోయింది. చెప్పేశానని దాని భావం. చెప్పలేదు.

నవంబర్ 5, మంగళవారం

ఒక్కచోట అతకడం లేదు.

సినిమా చివర్లో జాలరి దూరపు ఓడ మీద పనికి వెళ్ళిపోతాడు. పెళ్ళాం రేవులో నిలబడి ఉంటుంది. పడవలోంచి ఒకే మాట అంటాడు, మొహం తెరంతా ఉంటుంది. కాగితం మీద "గైది మని" అని ఉంది. నాకోసం ఎదురుచూడు అని అర్థం. ఆ సినిమా పేరు తలుచుకున్నవాళ్ళందరికీ ఆ మాటే గుర్తట, పోస్టర్ మీద కూడా అదే వేశారట.

ఎన్నిసార్లు చెప్పించినా తప్పుతోంది. ముందు ఆయన్ని తిట్టాను, తర్వాత నన్ను తిట్టుకున్నాను, తర్వాత లాప్‌టాప్‌ని. ఆడలేక మద్దెల ఓడన్నట్టు. చివరికి చెంచా పక్కన పెట్టి బొమ్మని ఒక్కో ఫ్రేమూ జరిపి చూశాను. "మని" దగ్గర పెదవులు కలవాలి. కలవలేదు. ఎక్కడా కలవలేదు. నోరు మొదటినుంచి చివరిదాకా తెరిచే ఉంది.

"మీరన్నది ఈ మాట కాదు" అన్నాను.

ఆయన లేచి నిలబడ్డాడు. "సోవియట్ దేశమంతా విన్నది. నా భార్య విన్నది. నేనేమన్నానో మీరు చెబుతారా?"

"విన్నది ఇంకొకరి గొంతండీ."

తలుపు తీసి పట్టుకున్నాడు. చేతులెత్తు అనడమొక్కటే తక్కువ. తాను పట్టిన కుందేటికి మూడే కాళ్ళు. వచ్చేశాను.

నవంబర్ 7

మెట్ల మీద ఎదురైతే చూడనట్టు వెళ్ళిపోయాడు.

నవంబర్ 8

ఊరికే కూర్చుని మాటలు పెదవులతో అనుకుంటున్నాను. అలవాటు. ఉప్పు, కలవవూ? కలుస్తాయి. చారు, కలవవు. వెళ్ళొస్తా.

కలవవు.

స్టేషన్లో అద్దం వెనక ఈశ్వర్ పెదవులు కలిశాయి. మొదట్లోనే, గట్టిగా.

సరిగ్గా గుర్తులేదేమో. అద్దం మీద లైట్లు పడ్డాయి. పదిహేనేళ్ళు ఈ పని చేసినా పొరపాటు పడొచ్చు. చలిగా ఉంది, హీటింగ్ పెంచాలి.

నవంబర్ 11, సోమవారం

కార్నివాల్ మొదలు. ట్రామ్ నిండా విదూషకులు, పులులు, నర్సుల వేషాలు. వీధంతా పాటలు. పాలు కొనుక్కుని వస్తుంటే బ్రీదిస్ గారు నా గుమ్మం ముందు నిలబడి ఉన్నాడు, కోటు గుండీలన్నీ పెట్టుకుని.

లోపలికి వచ్చి కూర్చున్నాక, "నెగైది" అన్నాడు.

అర్థం కాలేదు.

"మీరు చెప్పింది నిజం. శబ్దం లేకుండా మళ్ళీ మళ్ళీ చూశాను. నేనన్నది నెగైది. ఎదురుచూడకు."

నాకు చేతిలో పాల డబ్బా ఎక్కడ పెట్టాలో తెలియలేదు.

యుద్ధం అయిపోయిన ఏడాది, ఈయనకి ఏడేళ్ళప్పుడు, సైనికులు వచ్చి వాళ్ళ నాన్నని తీసుకెళ్ళారట. ఎందుకో ఎక్కడికో చెప్పలేదు. బండి ఎక్కేముందు ఆయన భార్య వైపు తిరిగి ఆ ఒక్క మాట అన్నాడు. నెగైది. అంతకుమించి ఏమీ అనలేదు, కొడుకు వైపు చూడనైనా లేదు.

"షూటింగ్‌లో పడవ కదలగానే రేవులో ఆ నటిని చూశాను. మా అమ్మ అలాగే షాల్ కప్పుకునేది. నోట్లోంచి అదే వచ్చింది. వెలుతురు బాగుందని డైరెక్టర్ ఆ షాట్ ఉంచేశాడు. గొంతులు చెప్పేటప్పుడు కాగితం మీద ఉన్నదే చెప్పారు. హాల్లో కూర్చుని విన్నాను, గైది మని. ఏళ్ళతరబడి విన్నాను. వినీ వినీ నేనన్నదీ అదే అనుకున్నాను."

"మీ అమ్మగారు ఎదురుచూశారా?" అన్నాను.

"పోయేదాకా." బయట ఎవరో బూర ఊదారు. "నాన్న దయతలిచి చెప్పాడు. చెప్పి పోవడానికి ఎంత ధైర్యం కావాలో నాకు నటుడిగా తెలుసు. ఆమె వినిపించుకోలేదు."

నేను టీ పెట్టడానికి లేచాను. టీ పొడి డబ్బా కళ్ళెదురుగానే ఉంది, చాలాసేపు వెతికాను.

నవంబర్ 17, ఆదివారం

అత్తయ్య ఫోన్ ఎత్తలేదు. మొదటిసారి.

పాఠం బాగా జరిగింది. "నెగైది"లో ఊపిరి మాటకి ముందు కాదు, తర్వాత వస్తుంది. చెప్పేసిన మనిషి ఊపిరి.

నవంబర్ 22, శుక్రవారం

ట్రామ్‌లో ఆయన పక్కనే కూర్చున్నాను. గడ్డం గీసుకున్నప్పుడు తెగినచోట కాగితం ముక్క అతుక్కుని ఉంటే తీసేశాను.

స్టూడియో చిన్నది. మైకు మా హైదరాబాదు స్టూడియోలో లాంటిదే. హెడ్‌ఫోన్స్ వాసన కూడా అదే. దాట్సె ముప్పై లోపు పిల్ల, చలికి ముక్కు ఎర్రబడి ఉంది. ఈయన చేతిని రెండు చేతులతో పట్టుకుంది.

మిగతా డైలాగులు మధ్యాహ్నానికి అయిపోయాయి. రెండు మూడు చోట్ల జారాడు, మళ్ళీ చెప్పాడు. జాలరే మాట్లాడాడు, ఆఫీసర్ రాలేదు. సౌండ్ ఇంజినీర్ బొటనవేలు పైకెత్తి చూపించాడు.

చివరి మాట దగ్గర పేచీ వచ్చింది. సంగతంతా విన్నాక దాట్సె జుట్టులోకి చేతులు పెట్టుకుంది. "అందరికీ ఆ సినిమా అంటేనే ఆ మాట. ఆమోదించిన స్క్రిప్టు అదే. మార్చానంటే నన్ను బతకనిస్తారా? రెండూ చెప్పండి. గైది మని ముందు."

చెప్పాడు. "మ" గాలిలో వేలాడింది. తెర మీద మనిషి నోరు తెరుచుకునే ఉంది, మాట వచ్చి బయట గుమ్మం దగ్గర నిలబడినట్టు. మళ్ళీ. మళ్ళీ. మూడోసారికి ఆయన హెడ్‌ఫోన్స్ తీసేశాడు. ముసలితనం ఆయన మొహం మీదకి ఒక్కసారిగా వచ్చింది. ఇక ఆ రీగా కుర్రాడిని పిలిపిస్తారేమో అనుకున్నాను.

గాజు తలుపు తోసుకుని లోపలికి వెళ్ళాను. అడగలేదు ఎవర్నీ. హెడ్‌ఫోన్స్ మళ్ళీ తలకి పెట్టాను. "ఆమెకి చెప్పండి. సినిమాకి కాదు" అన్నాను. మైక్‌కి ఆనకుండా పక్కన నిలబడ్డాను.

బొమ్మ నడిచింది. పడవ కదిలింది. ఆయన ఊపిరి, తెర మీద ఆయన ఊపిరి ఒకేసారి ఆగాయి.

"నెగైది."

గొంతు మధ్యలో చీలింది. ముసలి గొంతే. కానీ ఆ నోట్లోంచే వచ్చింది. తెర మీద కుర్రాడు, పక్కన ముసలాయన, ఇద్దరూ కలిసి ఊపిరి వదిలారు.

ఇంజినీర్‌కి భాష రాదు. అయినా కదల్లేదు. కాసేపటికి దాట్సె మైకులో, "ఇంకొకటి తీసుకుందామా?" అని నన్ను అడిగింది, ఆయన్ని కాదు.

"వద్దు" అన్నాను.

"అయితే ఇదే ఉంచుతాను" అంది. ముక్కు తుడుచుకుంది. "ఎవరు అడిగినా పెదవులు చూపిస్తాను."

తిరిగి వచ్చేటప్పుడు ట్రామ్‌లో సీటు దొరికింది. ఆయన చాలా అలసిపోయాడు. ఉన్నట్టుండి, "మీ ఆయన ఎప్పుడొస్తాడు?" అన్నాడు.

"ప్రాజెక్ట్ అయిపోగానే. క్రిస్మస్‌కి—"

ఆయన నా పెదవుల వైపు చూశాడు. తర్వాత చెంచాతో కొట్టినట్టు వేలితో కిటికీ మీద ఒకసారి కొట్టి, "అతకలేదు" అన్నాడు.

నవంబర్ 23, శనివారం

పొద్దున్నే ఈశ్వర్‌కి ఫోన్ చేశాను. కాఫీ తాగకుండా. కాఫీ తాగితే గొంతు సర్దుకుంటుంది.

"ఆ రోజు రైలు తలుపులు మూసుకున్నాక ఏదో అన్నావు. ఏమన్నావు?"

"ఏ రోజు?"

"వెళ్ళిన రోజు."

"ఏమో రాజీ, గుర్తులేదు." ఆలోచించాడు. నిజంగానే ఆలోచించాడు, పాపం. "బై అనుంటాను. ఎందుకు?"

బై. పెదవులు కలుస్తాయి. మొదట్లోనే, గట్టిగా.

వెళ్ళొస్తా అన్నది నేను. బొమ్మ తనది, మాట నాది. మూడు నెలలు దాన్నే మళ్ళీ మళ్ళీ వేసుకుని విన్నాను.

"ఇంటికి వస్తావా?" అన్నాను.

"చూద్..."

"చూద్దాం అనకు. ఎన్నాళ్ళు చూస్తావు? వచ్చేదుంటే వస్తానను. లేకపోతే రానను. నేను ఇక్కడ ఎదురుచూస్తున్నాను ఈశ్వర్. దిండు గలీబులు మార్చి కూర్చున్నాను. మీ అమ్మతో అబద్ధాలు చెప్పలేక చస్తున్నాను. ఏదో ఒకటి చెప్పు."

నా మాటలు నాకే వినడానికి బాలేవు. ఎక్కడ ఆపాలో తెలియలేదు, మధ్యలో ఊపిరి చాల్లేదు.

అవతల చప్పుడైంది. ఎవరో కుర్చీ జరిపారు. తను ఒక్కడే లేడేమో. ఉన్నాడేమో. అది అడగలేదు.

"రాను రాజీ" అన్నాడు.

తర్వాత నెమ్మదిగా, "ఇలా ఎప్పుడూ మాట్లాడలేదు నువ్వు నాతో" అన్నాడు. మాట్లాడి ఉంటే ఏమయ్యేదో ఇద్దరం అనుకోలేదు. అనుకున్నా పైకి అనలేదు.

"ఉంటాను" అని పెట్టేశాను.

స్టూడియోలో ఏడుపు సీనంటే నన్నే పిలిచేవాళ్ళు. ఒక్క టేక్‌లో ఇచ్చేదాన్ని. వెక్కు ఎక్కడ రావాలో, ముక్కు ఎక్కడ ఎగబీల్చాలో లెక్క ఉండేది. ఇవాళ వంటింట్లో నేల మీద కూర్చుని ఏడిస్తే అదేదో కుక్కపిల్ల అరిచినట్టు, కీచుమని, ఆగి ఆగి వచ్చింది. ఏ డైరెక్టరూ ఒప్పుకోడు దాన్ని. చాలాసేపు వచ్చింది.

నవంబర్ 24, ఆదివారం

అత్తయ్యే చేసింది. పోయినవారం గుడికి వెళ్ళి ఫోన్ ఇంట్లో మర్చిపోయిందట. "గొంతేంటే రాజీ, అలా ఉంది? జలుబు చేసిందా?"

"లేదత్తయ్యా, బానే ఉన్నాను" అనబోయి మానేశాను.

"అత్తయ్యా, ఈశ్వర్ ఇక్కడ ఉండటం లేదు. ఆగస్టునుంచి గార్చింగ్‌లో ఉంటున్నాడు. ఇంక రానన్నాడు."

ఆవిడ ఎందుకని అడగలేదు. తప్పెవరిదనీ అడగలేదు. పక్కన టీవీ మోగుతోంటే కట్టేసినట్టుంది, చప్పుడు ఆగిపోయింది.

"అయితే ఇన్నాళ్ళూ అక్కడ ఒక్కదానివేనా అమ్మా?" అంది.

"ఒక్కదాన్నే" అన్నాను.